పొత్తుగౌరి దీపము

అక్షతలు చేతికి తీసుకొని, మనసును ఇంటి పనుల నుండి కాసేపు ఇటు మరల్చి వినుడు. కథ నడుమ లేచి పోరాదు. పొయ్యి మీద ఏమైనా ఉన్నచో ఇప్పుడే దింపి వచ్చి కూర్చుండుడు.

పూర్వము గార్గ్యుడను ముని దేశములన్నియు తిరిగి తిరిగి, దిగులు మొగముతో శాండిల్య మహాముని ఆశ్రమమునకు వచ్చెను. కాళ్లు కడుగుకొని, కందమూలములు ఆరగించి, తన దిగులునకు కారణమును ఇట్లు విన్నవించెను.

"మహాత్మా, లేమిచేత విడిపోయిన అన్నదమ్ములను చూచితిని. వారు నాలుగు గింజలు చేతికి వచ్చిన నాడు మరల కలియుచున్నారు. కాని తండ్రి విడిచిన ఆస్తి కొరకు విడిపోయినవారు కలిమి పెరిగిన కొలది మరింత దూరమగుచున్నారు. ఒకే తల్లి చేతి ముద్దలు తిన్నవారు ధర్మాసనము ఎదుట నిలిచి, ఒకరి పేరు ఒకరు పలుకక వాది అనియు ప్రతివాది అనియు చెప్పుకొనుచున్నారు. వారి ఇండ్లలోని ఆడువారు గోడకు చెవి ఆనించి ఏడ్చుచున్నారు. అట్టివారికి తరణోపాయము కలదా?"

శాండిల్యుడు ఇట్లు చెప్పెను. "గార్గ్యా, పొత్తుగౌరీ వ్రతమను నొక వ్రతము కలదు. ధనవ్యయము లేదు, ఉపవాసము లేదు. అయినను దానిని చేయువారు తక్కువ. ఏలయన అది ఒక్కరి చేత అగునది కాదు. దానిని చెడగొట్టుకొని, మరల నిలుపుకొనిన లవంగిక కథ చెప్పెదను, వినుము."

గౌతమీ తీరమున నాగవల్లీపురమను ఊరు కలదు. ఆ ఊరి తమలపాకు లేనిదే ఆ చుట్టుపక్కల ఏ పెండ్లిలోను తాంబూలము పండెడిది కాదు. అందు సోమదత్తుడను గృహస్థు రెక్కల కష్టముతో ఒక ఆకుతోట వేసెను. ఆకుతోటను పసిబిడ్డ వలె చూచుకొనవలెను. ఎండ తగులరాదు, నీరు నిలువరాదు, నీరు లేకను ఉండరాదు. సోమదత్తుని పెద్దకుమారుడు హరిదత్తుడు ఏతమెక్కి తొక్కుచుండగా, చిన్నకుమారుడు శివదత్తుడు క్రింద నిలిచి నీరు పోసెడివాడు. అన్న తీగను అవిసె చెట్టునకు ఆనించి పట్టుకొనగా తమ్ముడు జమ్ము నారతో కట్టెడివాడు. ఆ తోటలో ఒక్క మనిషి చేయగల పని ఏదియు లేకుండెను.

హరిదత్తుని భార్య సునంద. ఆమె నెమ్మదస్తురాలు, మాట తక్కువ, చేత ఎక్కువ. శివదత్తుని భార్య లవంగిక. ఈమె పుట్టింట తల్లి లేక పెరిగినది. అత్తవారింట అడుగుపెట్టిన మరునాటి ఉదయమున ఎవరికిని తెలియకుండ పెరటిలో కూర్చుండి కంటతడి పెట్టుకొనుచుండగా, సునంద చూచి, ఏమని అడుగక, చేయి పట్టుకొని తోటకు తీసికొనిపోయెను. తోట చుట్టును కంచె వెంట నడిపించుచు ఇట్లనెను.

"ఇదంతా మనదేనే పిల్లా. చెట్ల మధ్య దారి తెలియకపోతే బెంగపడకు. ఈ కంచె పట్టుకుని నడు. ఎటు నడిచినా తిరిగి ఇంటికే వస్తావు."

నాటి నుండి లవంగికకు తల్లి లేని లోటు తెలియదు. ప్రొద్దుట తల దువ్వునది అక్క. ఆకును బొటనవ్రేలి గోటితో తీగ నొవ్వకుండ త్రుంచుట నేర్పినది అక్క. కవ్వపు త్రాటికి ఒక కొస అక్క చేతను, ఒక కొస తన చేతను ఉండెడిది. సునంద మెల్లగా లాగునది, లవంగిక తొందరపడునది. వెన్న ఆలస్యముగా వచ్చినచో తప్పు నీదన్న నీదని ఇద్దరును నవ్వుకొనెడివారు.

ఆ ఇంట అత్తగారి నాటి నుండి మాఘ శుద్ధ తదియనాడు పొత్తుగౌరిని నోచుట ఆచారము. దాని విధి యేమనగా, పెద్దకోడలు పసుపు కలిపి గౌరిని చేయవలెను, చిన్నకోడలు కుంకుమ ఉంచవలెను. ఒకే ప్రమిదలో చెరియొక వత్తి వేయవలెను. ఎవరి వత్తిని వారు వెలిగించుకొనరాదు. పెద్దకోడలి వత్తిని చిన్నకోడలును, చిన్నకోడలి వత్తిని పెద్దకోడలును వెలిగించి, తోటలోని ఆకులతో ఒకరి కొంగున ఒకరు వాయనము పెట్టవలెను. ఇదియే వ్రతము.

ఇట్లుండగా సోమదత్తుడు పంపకములు చేయకయే కాలము చేసెను. తోట నడుమ ఒక పిల్లకాలువ కలదు. దానికి తూర్పున నేల సారవంతము. జ్యేష్ఠభాగము శాస్త్రసిద్ధము గనుక తూర్పుతోట తనదని హరిదత్తుడనెను. నాయనగారు చివరి రోజులలో తూర్పుతోట చిన్నవాడికే అని తనతో అనిరని శివదత్తుడనెను. ఇద్దరిలో ఎవరును అబద్ధమాడు స్వభావము గలవారు కారు. ముసలివాడు ఎవరు కాళ్లు పట్టుచున్న నాడు వారితో అట్లే అనియుండును. ముసలివారికి అది అలవాటే.

మాటకు మాట పెరిగెను. ఊరిలో పనిలేనివారు ఇటువాని చెవిలో కొంత, అటువాని చెవిలో కొంత ఊదిరి. అన్నదమ్ములు ధర్మాసనమునకెక్కిరి. అంతటితో ఊరకుండక ఇంటి నడుమ గోడ పెట్టిరి. ఆ గోడ కట్టినవారు ఎట్టి బుద్ధిమంతులో గాని, రోలు అటు పడెను, రోకలి ఇటు పడెను. కవ్వము అటు, త్రాడు ఇటు. తెచ్చి ఇచ్చుటకు ఎవరికిని మనసొప్పలేదు. రోలు గలవారు రోకలికి, రోకలి గలవారు రోటికి పొరుగిండ్ల వెంట తిరిగిరి.

లవంగికకు తోటయెవరిదైనను ఒకటే. ఆమె బాధ వేరు. అక్కతో మాటలాడరాదని శివదత్తుడు ఆమె చేత ఒట్టు వేయించుకొనెను. అక్క చేతను అట్లే ఒట్టు వేయించినారని పనికత్తె చెప్పెను. నాటి నుండి ఆమె ప్రాణమంతయు ఆ గోడ వద్దనే ఉండెను. అటు గాజుల చప్పుడు వినబడినచో, ఇది తిరగలి విసరుట, ఇది బియ్యము చెరుగుట అని గుర్తుపట్టుచుండెను. పోపు వాసన వచ్చినచో, అక్క నేడు చారు కాచినదని తెలిసికొనుచుండెను. అక్క దగ్గినచో, మిరియాల కషాయము ఎవరు ఇచ్చెదరని దిగులు పడుచుండెను. తల తానే దువ్వుకొనుట చేతకాక ముడి చుట్టి వదలివేయుచుండెను. ఎంత దగ్గరగా ఉన్నదో అంత బెంగ. దూరదేశమునకు పోయినవారిపై కూడ మనిషికి ఇంత బెంగ ఉండదు.

అంతలో మాఘ శుద్ధ తదియ వచ్చెను. నోము మానరాదు, అక్కను పిలువరాదు. లవంగిక ఆలోచించి ఆలోచించి తన చేతితోనే పసుపు గౌరిని చేసి, తన చేతితోనే కుంకుమ ఉంచి, రెండు వత్తులను తానే చేసి, రెంటిని తానే వెలిగించెను. కుడిచేయి అక్కది, ఎడమచేయి నాది అని మనసులో అనుకొనెను. గౌరీదేవి అంతగా గమనింపదులే అని ధైర్యము చెప్పుకొనెను. వాయనమును పొరుగింటి ముత్తైదువకు ఇచ్చెను. దీపము కొంతసేపు వెలిగి కొండెక్కెను.

ఆ నెలలోనే ధర్మాధికారి, తీర్పు చెప్పువరకు ఉభయులలో ఎవరును తోటలో అడుగు పెట్టరాదని ఆజ్ఞ ఇచ్చెను. ఏతము ఆగెను, కాలువ ఎండెను. తీగలు పట్టు తప్పి నేలకు వ్రేలాడెను. ధర్మాసనమున వాయిదా మీద వాయిదా పడుచుండెను. ఒకనాడు సభాసదులు లేరనిరి. మరియొకనాడు సాక్షి లేడనిరి. సాక్షి దొరికిన నాటికి ధర్మాధికారికి జ్వరమనిరి.

మరుసటి యేడు తదియ వచ్చెను. ఒంటరిగా చేసినందున ఫలింపలేదని తలచి, లవంగిక ఒక బంధువురాలిని పిలిచి, నేటికి నీవు నాకు అక్కవు కమ్మని పీట మీద కూర్చుండబెట్టెను. ఆమె గౌరిని చేసినది, వత్తి వేసినది, విధి అంతయు తప్పక జరిగినది. కాని లవంగికకు ఆమెను అక్కా అని పిలువ మనసు రాలేదు. వదినా అని పిలిచి పని కానిచ్చెను. ఆ వేసవిలో తీగలు మొదలంట మాడిపోయెను. పాడి ఆవులు వట్టిపోయెను. ఆకులమ్మిన శివదత్తునికి ఇప్పుడు తాంబూలమునకు ఆకు కొనుక్కొను గతి పట్టెను. గోడకు ఆవల హరిదత్తుని గతియు అంతే. నష్టములో మాత్రము వారికి సమభాగములు వచ్చెను.

మూడవ యేడు తదియనాడు లవంగిక నోము మానివేసెను. వంటయు చేయలేదు. గోడకు ఆనుకొని కూర్చుండియుండగా, నుదుట రూపాయంత కుంకుమ బొట్టు, చేతినిండ గాజులు గల ఒక వృద్ధ ముత్తైదువ వాకిట నిలిచి, నేడు మీ ఇంట వాయనము ఇచ్చెదరని వచ్చితిననెను. లవంగిక సిగ్గుపడి, ఈ యేడు నోము లేదని చెప్పి, ఒట్టి చేతులతో పంపలేక ఇంట ఉన్న పండు, పసుపు కొమ్ము తెచ్చి ఇవ్వబోయెను. ముత్తైదువ చేయి చాపలేదు.

"ఇద్దరి వాయనం ఒక్కదానివి ఇస్తే ఎలా పుచ్చుకోనమ్మా. నీ తోడికోడలేదీ?"

"గోడ అవతలుంది."

"ఎంత దూరం?"

"గోడ అడ్డమమ్మా."

"అడ్డం సంగతి కాదు, నేనడిగింది దూరం."

లవంగిక కూలబడి ఏడ్చెను. మూడేండ్లుగా ఎవరికిని చెప్పుకొనని బెంగయంతయు, గాజుల చప్పుడు మొదలు దగ్గు వరకు, ఆ ముత్తైదువకు చెప్పుకొనెను. తోట పోయినను సరే, ఇల్లు పోయినను సరే, అక్క ఒక్కసారి పిల్లా అని పిలిచిన చాలుననెను. ఆమె అంతయు విని, లవంగిక చింపిరి తలపై చేయి వేసి, నిన్ను నలుగురిలో అడుగు దినము వచ్చును, నీకు తెలిసినది చెప్పుము, తెలియనిది ఎవరు చెప్పుమన్నను చెప్పకుము, నీ నోము అక్కడ తీరును అని పలికి వెడలిపోయెను. లవంగిక కన్నులు తుడుచుకొని చూచునప్పటికి వీధిలో ఎవరును లేరు. ఆమె సాక్షాత్తు గౌరీదేవి యని వేరుగా చెప్పనక్కరలేదు.

కొంతకాలమునకు ధర్మాధికారి విసిగెను. సోమదత్తుని మాట విన్న పరాయి సాక్షులందరును కాలము చేసిరి. ఇక హద్దు నడక తప్ప దారి లేదని ఆయన నిర్ణయించెను. ఆ దేశమున హద్దు నడక అనగా ఇట్లు జరుగును. ఆ ఇంటి మనిషి ఒకరు స్నానము చేసి, ఎర్రపూలదండ వేసికొని, ఆ నేల మట్టిపెడ్డనే తలపై పెట్టుకొని, తనకు తెలిసిన హద్దు వెంట నడువవలెను. కల్లగా నడిచినవారి వంశము ఆ మట్టిలోనే కలియునని శాపము. నడక ముగిసిన పిమ్మట ఎదుటి పక్షపు మనిషి వచ్చి ఆ మట్టిని తన చేతులతో దించినచో, ఆ హద్దును ఒప్పుకొన్నట్లు. దింపక తానొక పెడ్డను ఎత్తుకొన్నచో, కాదన్నట్లు. అంతట వ్యాజ్యము మరల మొదటికి వచ్చును.

వాదులే నడిచినచో ఎవరి లాభము వారు చూచుకొందురని, సోమదత్తుని ఎరిగిన కోడండ్రనే నడువుమని ధర్మాధికారి ఆజ్ఞాపించెను. ముందు చిన్నకోడలు, పిమ్మట పెద్దకోడలు. ఆ వార్త విని శివదత్తుడు సంతోషించి, పిల్లకాలువ వెంట నేరుగా నడచి తూర్పువైపు తిరిగి రమ్మని భార్యకు నేర్పెను. గోడకు ఆవల హరిదత్తుడును తన భార్యకు ఏదో నేర్పుచున్న సద్దు లవంగికకు వినబడెను. అక్క జవాబు మాత్రము వినబడలేదు.

ఆ దినమున ఊరంతయు తోట వద్ద చేరెను. లవంగిక ఎర్రపూలదండతో, తలపై మట్టిపెడ్డతో నిలిచెను. మూడేండ్ల తరువాత అక్కను ఎదుట చూచెను. సునంద చిక్కిపోయెను, చెంపల వద్ద వెంట్రుకలు నెరసెను. ఇద్దరును ఒకరినొకరు చూచుకొనిరి గాని ఒట్టు అడ్డము వచ్చి మాటలాడలేదు. లవంగికకు నేల మీద ఉన్నట్లే తోచలేదు.

ఆమె కాలువ వద్దకు వచ్చెను. శివదత్తుడు ముందునకు వంగి చూచుచుండెను. అక్కడ ఆమె నిలిచెను. ఈ కాలువ హద్దని మామగారు తనతో ఎన్నడును అనలేదు. అనినట్లు తన భర్త చెప్పగా విన్నదేగాని, తనకు తెలియదు. తెలిసినది ఒకటే. ఆమె కాలువను దాటి, మాడిన తీగల నడుమ నుండి పోయి, కంచె మీద చేయి వేసెను. ఆనాడు అక్క నడిపించిన దారినే, కంచె వెంట, తూర్పుతోటను పడమటితోటను చుట్టి నడువసాగెను. ఎండిన అవిసె చెట్లను చూచి కన్నీరు కారుచుండెను గాని చేయి ఎత్తి తుడుచుకొనలేదు, తలపై మట్టి ఉన్నది గదా. తోటయంతయు చుట్టి, బయలుదేరిన చోటికే వచ్చి నిలిచెను.

జనులు గుసగుసలాడిరి. శివదత్తుని మొగము నల్లబడెను. ధర్మాధికారి, అమ్మా, ఇది తోట హద్దు, నీ భర్త భాగమునకు హద్దు ఏది అని అడిగెను.

"నాకు తెలిసిన హద్దు ఇదొక్కటేనండి. నేను కాపురానికొచ్చిన మర్నాడు అక్క నా చెయ్యి పట్టుకుని ఇలాగే నడిపించి, ఇదంతా మనదే అంది. మధ్యలో గీత ఉందని అక్క చెప్పలేదు. మామగారూ నాతో చెప్పలేదు. తెలియనిది నెత్తిన మట్టి పెట్టుకుని ఎలా చెప్పను?"

అప్పుడు సునందను పిలిచిరి. ఆమె ఎదుట నేల మీద ఇంకొక మట్టిపెడ్డ సిద్ధముగా ఉండెను. దానిని ఎత్తుకొని కాలువ వెంట నడచినచో తూర్పుతోట ఆమె భర్తదని వాదించుటకు వీలు కలుగును. లవంగిక తలపై మట్టిని దించినచో జ్యేష్ఠభాగము పోవును. హరిదత్తుడు గొంతు సవరించుకొని, ఆ పెడ్డను కనుసన్నతో చూపెను. సునంద దాని వంక చూచెను. చాలసేపు చూచెను. లవంగిక కన్నులు మూసికొనెను. మెడ నొప్పెట్టుచుండెను. అక్క ఆ పెడ్డను ఎత్తుకొన్నచో నేను ఏమైపోవుదునని తప్ప ఆమెకు మరియొక తలపు లేకుండెను.

తలపై బరువు తగ్గెను. కన్నులు తెరిచి చూడగా సునంద మట్టిని దించి, నేల మీద మెల్లగా ఉంచి, కొంగుతో లవంగిక జుట్టులోని మట్టిని దులుపుచుండెను. చిక్కులు వ్రేళ్లకు తగిలెను.

"తల ఎలా చేసుకున్నావే పిల్లా" అనెను. "రా, దువ్వుతాను."

ఒట్టు తీరెనో తీరలేదో ఎవరును అడుగలేదు. హరిదత్తుడు తల వంచుకొనెను. ధర్మాధికారి ఇట్లు తీర్పు చెప్పెను. ఉభయపక్షముల సాక్షులును ఒకే హద్దును ఒప్పుకొనిరి. ఆ హద్దులో గీత లేదు గనుక తోట ఇద్దరిదియు ఉమ్మడి, ఫలము సగము సగము. ఇంటి గోడ విషయము ధర్మాసనము తీర్చదగినది కాదు, కట్టినవారే చూచుకొనవలెను.

ఆనాడు అన్నదమ్ములు మాటలాడుకొనలేదు. మరునాడును మాటలాడుకొనలేదు. కాని ఏతము ఒక్కడు తొక్కి ప్రయోజనము లేదు గదా. హరిదత్తుడు ఏతమెక్కి నిలిచి ఎదురుచూడగా, శివదత్తుడు వచ్చి క్రింద నిలిచి నీరు పోసెను. ముందు నీరు పారెను, పిమ్మట మాట పారెను. క్రొత్త తీగలు నాటిరి. అవి అవిసెలకు ప్రాకి, ఆకు చేయంత వెడల్పయ్యెను. ఆవులు మరల పాలిచ్చెను. పెండ్లివారు మరల వారి వాకిట నిలిచిరి.

గోడను పడగొట్టలేదు. రెండు సంసారములు పెరిగినవి, రెండు పొయ్యిలు ఉండనిండని సునందయే అనెను. గోడలో ఒక వాకిలి తీసి గడప పెట్టించిరి, తలుపు పెట్టలేదు. ఆ గడప మీదనే ఆ యేటి మాఘ శుద్ధ తదియనాడు పీట వేసిరి. సునంద గౌరిని చేసెను, లవంగిక కుంకుమ ఉంచెను. ప్రమిదలో నూనె పోయుచుండగా సునంద లోపలికి పోయి, చిన్న భరిణె తెచ్చి లవంగిక చేత పెట్టెను. అందు పసుపు రాచిన వత్తులు ఉండెను. మూడేండ్లును తదియనాడు గౌరిని చేసి, తన వత్తి తాను వేసి, వెలిగింపక తీసి దాచియుంచెను. ఎందుకు వెలిగింపలేదని లవంగిక అడుగగా, నా వత్తిని వెలిగించవలసినదానవు నీవు గదా అని ఆమె బదులు చెప్పెను.

లవంగిక తాను చేసిన తప్పును, వృద్ధ ముత్తైదువ వచ్చిన సంగతిని చెప్పుకొని సిగ్గుపడెను. సునంద నవ్వి, కుడిచేయి నాదని అనుకొంటివి గదా, దేవి అంత మాత్రము గమనించియే నీ ఇంటికి వచ్చినదనెను. పాత వత్తులన్నిటిని క్రొత్తదానితో కలిపి ఒక్క వత్తిగా పేని, లవంగిక వెలిగించెను. లవంగిక వత్తిని సునంద వెలిగించెను. ఒకరి కొంగున ఒకరు తమలపాకులు పెట్టిరి. దీపము రెండు ఇండ్లలోను కనబడెను.

శాండిల్యుడు ఇట్లు చెప్పగా గార్గ్యుడు సంతుష్టుడై, ఆ వ్రతమును లోకమున ప్రకటించెను.

ఈ వ్రతమును తోడికోడండ్రు చేయవలెను. వారు లేనిచో వదినమరదండ్రు, అక్కచెల్లెండ్రు చేయవలెను. తండ్రి ఆస్తికై ధర్మాసనము మెట్లెక్కినవారు, ఎక్కదలచినవారు, ఒకే ఇంట గోడ పెట్టుకొన్నవారు తప్పక చేయవలెను. చేసినవారికి పోయిన సొత్తు చేరును, ఎండిన తోట చిగుర్చును, మాటలేనివారికి మాట కలియును. మగవారు చేయరాదా అని కొందరు అడుగుదురు. కథ విన్నను వారికి ఫలము కలదు, ఆనాడు ముందుగా అన్నగారింటికి తాంబూలము పట్టుకొని పోయినచో పూర్ణఫలము.

తోడుగా నోచవలసినవారు కోపించి రాకున్నచో ఏమి చేయవలెనని అడుగుదురేమో. వారి బదులు వేరొకరిని కూర్చుండబెట్టరాదు. రెండు చేతులతో రెండు వత్తులు వెలిగింపరాదు. మీ వత్తిని మీరు వేసి, వెలిగింపక దాచియుంచవలెను. ఏటేట అట్లే ఉంచవలెను. వారు వచ్చి వెలిగించువరకు ఆ వ్రతము చెడినట్లు కాదు, ముగిసినట్లును కాదు.

కథ ముగిసినది. అక్షతలు గౌరి మీద కొన్ని, గడప మీద కొన్ని వేసి, మిగిలినవి తల మీద వేసికొనుడు. గోడకు ఆవలివారు వచ్చియున్నచో, వారి చేతికి అగ్గి అందించి మీ వత్తి చూపుడు.